పాఠ్యపుస్తకములలో యుద్ధస్మృతి

మన పిల్లలు చరిత్ర పుస్తకమును పరీక్ష కొరకు చదువుదురు. యుద్ధము ఏ సంవత్సరమున మొదలైనది, ఎవరు గెలిచిరి, ఏ సంధి జరిగినది అను ప్రశ్నలకు సమాధానములను కంఠస్థము చేయుదురు. ఆ పుస్తకమును వ్రాసినవారెవరు, వ్రాసినదానిని దిద్దినవారెవరు, దిద్దునపుడు తొలగిపోయిన వాక్యమేది అను ప్రశ్నలు పరీక్షలో రావు. అందుచే ఇంటిలోను రావు. ఇంటిలోనైనను అవి రావలెనను ఉద్దేశముతో ఈ పాఠమును తల్లిదండ్రుల కొరకు, సంరక్షకుల కొరకు వ్రాయుచున్నాము.

జరిగిన యుద్ధమును ఏ ప్రభుత్వమును మార్చజాలదు. కాని ఆ యుద్ధమును ప్రజలు ఏ పేరుతో పిలువవలెను, ఏ దినమున తలచుకొనవలెను, ఎవరి మరణమును లెక్కింపవలెను, ఎవరి మరణమును మరువవలెను అను విషయములను ప్రభుత్వములు చాలవరకు నిర్ణయింపగలవు. ఇందుకు పచ్చి అబద్ధమాడవలసిన అవసరము తరచుగా రాదు. ఒక మాటకు బదులు మరియొక మాట వేసినను చాలును. ఒక వాక్యమును తీసివేసినను చాలును.

ఇది ఎట్లు జరుగునో తెలిసికొనుటకు జపాను దేశపు పాఠ్యపుస్తకముల చరిత్రను ఉదాహరణముగా తీసికొందము. ఎవరి వీపు వారికి కనబడదు. ముందుగా ఇతరుల సంగతి నెమ్మదిగా చూచినచో, తరువాత మన సంగతిని చూచుకొనుట సులభమగును.

1. పేరు పెట్టుట

1937 జూలైలో జపాను సేనలు చైనాపై పూర్తి యుద్ధమునకు దిగినవి. లక్షలాది సైనికులు సముద్రము దాటిరి. అయినను జపాను ప్రభుత్వము దానిని యుద్ధమనలేదు. 'చైనా సంఘటన' అనెను. 1931 లో మంచూరియాను ఆక్రమించినపుడును 'మంచూరియా సంఘటన' అనియే పేరు. యుద్ధమని ప్రకటించినచో అమెరికా తటస్థతా చట్టము అడ్డువచ్చి, ఆ దేశము నుండి రావలసిన సామగ్రి నిలిచిపోవునను భయము ఒక కారణము. త్వరలో ముగియు చిన్న వ్యవహారమిదియని స్వదేశ ప్రజలకు తోచుట మరియొక ప్రయోజనము.

1941 డిసెంబరులో అమెరికా, బ్రిటనులతో యుద్ధము ఆరంభమైన కొలది దినములకే జపాను మంత్రివర్గము ఒక కొత్త పేరు నిర్ణయించెను: 'మహా తూర్పు ఆసియా యుద్ధము'. చైనాలో జరుగుచున్న పోరును కూడ ఇందులో చేర్చిరి. ఆసియా ప్రజలను పాశ్చాత్యుల పాలన నుండి విడిపించుటకు చేయు యుద్ధమను భావము ఆ పేరులోనే ఇమిడియున్నది.

1945 లో జపాను ఓడిపోయెను. అమెరికా సేనాని మెకార్థర్ ఆధ్వర్యమున విజేతల పాలన వచ్చెను. ఆ సంవత్సరము డిసెంబరులో వారు ఆ పాత పేరును అధికార పత్రములలో నిషేధించిరి. 'పసిఫిక్ యుద్ధము' అను పేరు వ్యాప్తిలోనికి తెచ్చిరి. ఈ పేరు వినినవారికి నౌకలు, ద్వీపములు, అమెరికా గుర్తుకు వచ్చును గాని, అంతకు నాలుగేండ్లు ముందే రక్తసిక్తమైన చైనా గ్రామములు అంతగా గుర్తుకు రావు. అంతేకాదు. హిరోషిమా, నాగసాకి నగరములపై పడిన అణుబాంబుల వలన కలిగిన ఘోరములను గూర్చి పత్రికలలో స్వేచ్ఛగా వ్రాయుటకు విజేతలు అనుమతింపలేదు. వారి పాలన 1952 ఏప్రిల్‌లో ముగిసిన పిమ్మట, ఆగస్టులో గాని, ఆ చిత్రములను ఒక ప్రసిద్ధ సచిత్ర పత్రిక విస్తారముగా ప్రకటింపలేకపోయెను.

ఓడిన ప్రభుత్వము తన తప్పును కప్పుకొనుట అందరికిని తెలిసినదే. గెలిచిన ప్రభుత్వమును అదే పని చేయునని ఇచట గమనింపవలెను.

2. సిరా పూసిన పుటలు

జపానులో 1904 నుండి ప్రాథమిక పాఠశాలల చరిత్ర, నీతి పుస్తకములను ప్రభుత్వమే వ్రాయించి ముద్రించెడిది. దేశమంతటను ఒకే పుస్తకము. చక్రవర్తి దైవాంశ సంభూతుడనియు, ఆయన కొరకు ప్రాణములిచ్చుటయే పరమధర్మమనియు పిల్లలు ఆ పుస్తకములలో చదివిరి. ఉపాధ్యాయులు దానినే బోధించిరి.

1945 ఆగస్టు 15 న చక్రవర్తి ఆకాశవాణిలో లొంగుబాటును ప్రకటించెను. సెప్టెంబరులో బడులు నడచుచుండగా విద్యాశాఖ నుండి ఉత్తరువు వచ్చెను. కొత్త పుస్తకములు ముద్రించుటకు కాగితము లేదు, కాలము లేదు. కనుక పాత పుస్తకములలో యుద్ధమును పొగడు భాగములను సిరాతో కొట్టివేయవలెనని ఆ ఉత్తరువు. ఉపాధ్యాయుడు పుటయు, పంక్తియు చెప్పుచుండగా పిల్లలే కుంచెలు పట్టి, నల్లని సిరాతో తమ పుస్తకములను తామే పూసిరి. కొన్ని పుటలలో చదువుటకు కొలది పంక్తులే మిగిలెను.

నిన్నటివరకు పరమసత్యమని చెప్పిన వాక్యమును నేడు అదే ఉపాధ్యాయుడు చెరుపుమని చెప్పెను. ఎందుకు చెరుపవలెనో పిల్లలకు వివరించినవారు అరుదు. ఆ తరము వారు పెరిగి పెద్దవారైన పిమ్మట, పుస్తకముపైనను, పెద్దల మాటపైనను తమకు నమ్మకము సడలినది ఆనాడేనని అనేకులు చెప్పుకొనిరి. ఉపాధ్యాయ వృత్తిలో నున్న మాకు ఈ సంఘటన యుద్ధరంగపు వార్తలకంటె తక్కువ దుఃఖకరముగా తోచదు. తప్పును చెరిపివేయుట వేరు, తప్పును బోధించుట వేరు. చెరిపివేసినచో అచట నల్లని మరక మాత్రమే మిగులును. అది ఎందుకు తప్పో తెలిసినపుడే పిల్లవానికి చదువబ్బును.

3. ఒక ఉపాధ్యాయుని వ్యాజ్యము

1947 లో కొత్త చట్టము వచ్చెను. పుస్తకములను ప్రభుత్వము వ్రాయుట మాని, పండితులు వ్రాసినవానిని పరిశీలించి ఆమోదించు పద్ధతి ఏర్పడెను. పైకి ఇది స్వేచ్ఛవలె కనబడును. కాని ఆమోదము లేని పుస్తకము బడిలో అడుగుపెట్టరాదు.

1952 తరువాత దేశ రాజకీయములు మారెను. 1954 లో ఆత్మరక్షణ దళముల పేరున మరల సైన్యము ఏర్పడెను. 1941 నాటి యుద్ధ మంత్రివర్గమున వాణిజ్య శాఖామాత్యుడైన కిషి నొబుసుకె 1957 లో ప్రధానమంత్రి అయ్యెను. యుద్ధమృతుల కుటుంబముల సంఘము పాలకపక్షమునకు గట్టి మద్దతుగా నిలిచెను. తన భర్త అన్యాయమైన యుద్ధములో మరణించెనని ఒక వితంతువునకు చెప్పుట సులభము కాదు. ఆయన దేశము కొరకు మరణించెనని చెప్పినచో ఆమెకు ఊరట కలుగును. ప్రభుత్వములు పెంచు యుద్ధస్మృతికి బలము ఇచటనే కలదు: అది నిజమైన దుఃఖమును ఆధారము చేసికొనును. అందుచేతనే దానిని కాదనుటకు మనసొప్పదు.

ఇట్టి కాలమున ఇయెనగా సబురో అను చరిత్రకారుడు ఉన్నత పాఠశాలలకు ఒక చరిత్ర పుస్తకము వ్రాసియుండెను. ఆయన 1913 లో జన్మించెను. ఉన్నత పాఠశాలలో బోధించి, తరువాత టోక్యోలో ఆచార్యుడయ్యెను. 1963 లో ఆయన పుస్తకమును విద్యాశాఖ తిరస్కరించెను. మరుసటి సంవత్సరము సుమారు 300 చోట్ల ఆక్షేపణలు తెలిపి, షరతులతో ఆమోదించెను. యుద్ధమును వివేకము లేని యుద్ధమని వర్ణించుట పరీక్షాధికారులకు నచ్చలేదు. బాంబులకు కాలిన నగరముల చిత్రములు, అంగవికలుడైన సైనికుని చిత్రము వంటివి చేరుటచే పుస్తకము మిక్కిలి చీకటిగా నున్నదని వారి అభిప్రాయము.

1965 లో ఇయెనగా ప్రభుత్వముపై న్యాయస్థానమునకు పోయెను. యుద్ధకాలమున తాను యుద్ధమును పొగడకపోయినను, ఎదిరింపక ఊరకుంటిననియు, తన విద్యార్థులు యుద్ధమునకు పోవుచుండగా చూచుచుంటిననియు, ఆ బాధ్యత తనను వదలలేదనియు ఆయన చెప్పెను. 1967 లో రెండవ వ్యాజ్యము, 1984 లో మూడవ వ్యాజ్యము వేసెను. దేశమందంతటను ఉపాధ్యాయులు, తల్లిదండ్రులు చందాలు వేసికొని ఆయనకు తోడ్పడిరి.

1970 లో టోక్యో జిల్లా న్యాయస్థానము ఆయన పక్షమున తీర్పు చెప్పెను. పై న్యాయస్థానములలో ఆ విజయము నిలువలేదు. మూడవ వ్యాజ్యము 1980 దశకము మొదట జరిగిన దిద్దుబాట్లను గూర్చినది. ఆ దిద్దుబాట్లలో మూడింటిని చూడుడు. చైనాపై 'దురాక్రమణ' అను మాటకు బదులు సైన్యము 'ముందునకు సాగుట' అనుట మేలని సూచించిరి. 1937 డిసెంబరులో నాన్‌కింగ్ నగరమున జరిగిన హత్యాకాండ సైన్యము పూనికతో చేసినట్లు గాక, యుద్ధపు గందరగోళములో జరిగినట్లు వ్రాయుమనిరి. మంచూరియాలో 731 వ దళము బందీలపై ప్రాణముండగానే ప్రయోగములు చేసి చంపిన సంగతిని, తగిన పరిశోధన ఇంకను జరుగలేదను కారణము చెప్పి, మొత్తముగా తీసివేయుమనిరి.

ఇందులో ఏ ఒక్కటియు పచ్చి అబద్ధమని చెప్పుటకు వీలు లేదు. సైన్యము ముందునకు సాగిన మాట నిజమే. నగరములో గందరగోళము ఉండిన మాట నిజమే. పరిశోధన ఇంకను జరుగవలసి యుండిన మాటయు నిజమే. ఇన్ని నిజములు కలిసి ఒక పెద్ద నిజమును కనబడకుండ చేసినవి.

1982 లో ఈ దిద్దుబాట్ల వార్త పత్రికలలో వెలువడగా చైనా, దక్షిణ కొరియా ప్రభుత్వములు తీవ్రముగా నిరసించినవి. పొరుగు దేశములతో చరిత్రకు సంబంధించిన విషయములలో తగిన పరిగణన చూపవలెనని ఆ సంవత్సరము నవంబరులో కొత్త నియమము చేర్చిరి. తుదకు 1997 ఆగస్టు 29 న అత్యున్నత న్యాయస్థానము మూడవ వ్యాజ్యమున తీర్పు చెప్పెను. పరిశీలన పద్ధతి రాజ్యాంగ విరుద్ధము కాదనెను. కాని 731 వ దళపు సంగతిని తీసివేయుమనుట చట్టవిరుద్ధమనెను. క్రింది న్యాయస్థానము తప్పుపట్టిన వానితో కలిపి నాలుగు చోట్ల ప్రభుత్వము హద్దు మీరినదని తేలెను. ఇయెనగాకు 4 లక్షల యెన్నులు చెల్లింపుమనిరి. ఆయనకు అప్పటికి 83 ఏండ్లు. మొదటి వ్యాజ్యము వేసి 32 ఏండ్లు గడచినవి. 2002 లో ఆయన మరణించెను.

4. ఒకినావా ప్రజలు

ఇయెనగా ఓడిన అంశములలో ఒకినావా ద్వీపపు సంగతి యొకటి. 1945 ఏప్రిల్ మొదలు జూన్ వరకు అచట ఘోర యుద్ధము జరిగెను. ఆ ప్రాంత ప్రభుత్వపు అంచనా ప్రకారము అచటి సామాన్య పౌరులు సుమారు 94,000 మంది మరణించిరి. శత్రువునకు చిక్కుట కంటె చచ్చుట మేలని జపాను సైనికులు గ్రామస్థులకు బోధించి, చేతిబాంబులు పంచిన సందర్భములు కలవు. తల్లిదండ్రులు తమ బిడ్డలను తామే చంపుకొనిన దారుణములు జరిగెను.

2007 మార్చిలో విద్యాశాఖ, సైన్యము ప్రజలను ఇందుకు నిర్బంధించెనను మాటలను పాఠ్యపుస్తకముల నుండి తొలగింపజేసెను. ఆ సెప్టెంబరు 29 న ఒకినావాలోని గినొవాన్ పట్టణమున మహాసభ జరిగెను. 1,10,000 మంది వచ్చిరని నిర్వాహకులు చెప్పిరి. బ్రతికి బయటపడిన ముదుసలులు, నాటి పాఠశాల విద్యార్థులు ఒకే వేదికపై మాటలాడిరి. డిసెంబరులో విద్యాశాఖ కొంత వెనుకకు తగ్గి, సైన్యపు ప్రమేయము నంగీకరించు మాటలకు అనుమతించెను. సైన్యము నేరుగా నిర్బంధించెనను మాటకు మాత్రము ఒప్పుకొనలేదు.

ఇంటిలో తాతలు, అవ్వలు చెప్పిన సంగతి పుస్తకమున లేనపుడు, ఆ ప్రజలు పుస్తకమునకు తలవంచి ఊరకుండలేదు. పుస్తకమును మంటలో పారవేయను లేదు. మా సంగతిని చేర్పుడని అడిగిరి.

ఆ ద్వీపమునందే మబుని అను చోట 1995 జూన్ 23 న ఒక స్మారకము నెలకొల్పిరి. నల్లని శిలాఫలకముల వరుసలపై ఆ యుద్ధమున మరణించినవారి పేర్లు చెక్కియున్నవి. ఒకినావా వారు, ఇతర జపానీయులు, అమెరికనులు, బ్రిటిషువారు, కొరియనులు, తైవాను వారు అందరును కలరు. నేడు ఆ పేర్ల సంఖ్య 2,40,000 దాటినది. విజయమని గాని, త్యాగమని గాని అచట విభజన లేదు. ప్రభుత్వ స్థలమున నున్నను, యుద్ధమును ఇట్లు తలచుకొనవచ్చునని ఆ శిలలు చూపుచున్నవి.

5. తప్పు జపానుది మాత్రమేనా?

ఈ పాఠము చదివి, జపాను ప్రభుత్వము చెడ్డదని మాత్రము తేల్చుకొనినచో మా ఉద్దేశము నెరవేరదు. చైనా సంగతి చూడుడు. నాన్‌కింగ్ మృతుల స్మారకశాల 1985 లో గాని తెరువబడలేదు. అంతకు ముందు దశాబ్దములలో ఆ ప్రభుత్వము తమ పక్షపు వీరగాథలకు ఇచ్చిన చోటు, ఆ బాధితులకు ఈయలేదు. జపానుతో పోరాడిన ప్రత్యర్థి పక్షపు సైనికులకును ఈయలేదు. 1994 లో దేశభక్తి విద్యా కార్యక్రమము వచ్చిన పిమ్మట బాధితుల స్మృతి పాఠశాలలలో ముందునకు వచ్చెను. 2014 లో డిసెంబరు 13 ను జాతీయ స్మృతి దినము చేసిరి. 2017 లో, జపానుతో జరిగినది 8 ఏండ్ల యుద్ధము కాదు, 14 ఏండ్ల యుద్ధమని పాఠ్యపుస్తకములలో మార్చుమని ఆజ్ఞ వెలువడెను. చనిపోయినవారు మారలేదు. వారిని తలచుకొనవలసిన రాజకీయావసరము మారెను.

మన దేశపు పేరును ఈ వివాదమున వినబడును. టోక్యోలో జపాను యుద్ధనాయకులను విచారించిన అంతర్జాతీయ న్యాయస్థానమున బెంగాలునకు చెందిన రాధావినోద పాల్ ఒక న్యాయమూర్తి. 1948 లో ఆయన, నిందితులందరును చట్టరీత్యా నిర్దోషులని వేరుగా తీర్పు వ్రాసెను. 1952 లో జపానులో ఆ తీర్పును గూర్చి, జపాను నిర్దోషి అను అర్థము వచ్చు పేరుతో ఒక గ్రంథము వెలువడెను. 2005 లో యాసుకుని దేవాలయమున ఆయనకు స్మారకము కట్టిరి. కాని జపాను సేనలు ఘోరకృత్యములు చేసినవనుటకు సాక్ష్యము బలముగా నున్నదని ఆ తీర్పులోనే పాల్ వ్రాసియుండెను. ఆ నాయకులపై నేరము మోపిన చట్టము సరియైనది కాదనుట ఒకటి. ఘోరములు జరుగలేదనుట వేరొకటి. మన దేశీయుని కీర్తి విని సంతోషించు మనము, ఆయన వ్రాసిన రెండు మాటలను కలిపి చదువవలెను.

6. రంగము నుండి నడచినవారు

ఇక మన ఇంటి మాట. ఆ యుద్ధమే మన కుటుంబములను కూడ తాకినది. గంజాము, విశాఖపట్టణము, గోదావరి జిల్లాల నుండి తెలుగువారు రంగూనునకు పోయి, రేవులోను, బియ్యపు మరలలోను కూలి చేసెడివారు. దానిని మనవారు 'రంగం పోవుట' అనిరి. గోపాలపురము రేవు నుండి పడవలెక్కినవారు మన కుటుంబములలో ఎందరో కలరు. 1931 జనగణన నాటికి రంగూను నగరవాసులలో సగమునకు పైగా భారతీయులే.

1941 డిసెంబరు 23 న రంగూనుపై జపాను బాంబులు పడెను. 1942 మార్చిలో నగరము వారి వశమయ్యెను. లక్షలాది భారతీయులు స్వదేశమునకు బయలుదేరిరి. పడవ దొరికినవారు పడవపై వచ్చిరి. తక్కినవారు అరకాను కొండల మీదుగా చిట్టగాంగునకు, తాము మీదుగా మణిపురమునకు కాలినడకన వచ్చిరి. కలరా, మలేరియా, ఆకలి వలన దారి పొడవునను వేలకొలది మరణించిరి. తెల్లవారికొక దారి, నల్లవారికొక దారి కేటాయించిరని మన జాతీయ నాయకులు ఆనాడే ఆక్షేపించిరి. అదే సంవత్సరము ఏప్రిల్ 6 న విశాఖపట్టణము, కాకినాడలపై బాంబులు పడెను.

నేడు రంగూను సమీపమున తౌక్యాన్ వద్ద నున్న స్మారకమున, బర్మా యుద్ధములో మరణించి సమాధి తెలియని సైనికుల పేర్లు దాదాపు 27,000 చెక్కియున్నవి. ఇంఫాలు, కోహిమా శ్మశానములలో గుర్తింపబడిన సైనికుల పేర్లు పదిలముగా నున్నవి. ఇది ఉచితమే. సైనికుని పేరు ప్రభుత్వపు జాబితాలో నుండెను. జాబితా నుండి శిలపైకి ఎక్కెను. కొండదారిలో పడిపోయిన కూలివాని పేరు ఏ జాబితాలోను లేదు. కనుక ఏ శిలపైనను లేదు. అతనిని ఎవరును ద్వేషించి మరువలేదు. అతనిని స్మరించుట వలన ఏ ప్రభుత్వమునకును ప్రయోజనము లేకపోయెను.

అట్లు నడచివచ్చినవారు నేడు దాదాపుగా లేరు. వారి నోట ఆ సంగతి వినిన బిడ్డలు ముదుసలులైరి. మన పిల్లలు మాతృభాషను చదువుట ఎందుకని అప్పుడప్పుడు కొందరు తల్లిదండ్రులు ప్రశ్నింతురు. ఆ ముదుసలులు ఆ సంగతిని తెలుగులోనే చెప్పుదురు. ఆ తెలుగు తెలియని మనుమనికి అది అందదు.

7. ఇంటిలో చేయదగినవి

పాఠ్యపుస్తకమును నమ్మవద్దని మేము చెప్పుటలేదు. పిల్లవాడు దానిని శ్రద్ధగా చదువవలెను. చదివిన పిమ్మట ఈ క్రింది ప్రశ్నలను ఇంటిలో అడుగుడు:

(1) ఈ యుద్ధమునకు ఈ పేరు పెట్టినదెవరు? ఎదుటి పక్షమువారు దానిని ఏమని పిలుతురు?

(2) చనిపోయినవారిలో ఎవరి సంఖ్య ఈయబడినది? ఎవరి సంఖ్య ఈయబడలేదు?

(3) 'జరిగినది', 'చనిపోయిరి' అని మాత్రము వ్రాసినచోట, చేసినవారెవరు? చంపినవారెవరు?

(4) ఇదే సంగతిని మరియొక దేశపు పుస్తకము ఎట్లు చెప్పును?

(5) మన ఇంటి పెద్దలు చెప్పినది దీనితో కలియునా? కలియనిచో రెండింటిలో ఏది, ఏ ఆధారముతో నిలుచును?

అయిదవ ప్రశ్న రెండు వైపుల పదునుగలది. ఇంటి జ్ఞాపకమును పొరబడవచ్చును. తన బాధను చెప్పి, ఇతరుల బాధను మరువవచ్చును. రంగములో మన కూలీలకును, బర్మా కూలీలకును 1930 లో రేవు పని విషయమై ఘోరమైన కొట్లాటలు జరిగెను. ఆ కథను బర్మావారు తమ పక్షమున చెప్పుకొందురు. మన పిల్లలు దానిని కూడ వినవలెను.

మన పాఠశాలలో ఈ సంవత్సరము ఒక పెద్ద వ్రాతపుస్తకమును తెరచియుంచెదము. 1942 లో రంగము నుండి వచ్చినవారి పేరు, బయలుదేరిన చోటు, వచ్చిన దారి, దారిలో పోయినవారి పేర్లు, ఈ సంగతి చెప్పినవారెవరు అను అయిదు విషయములను విద్యార్థులు తమ చేతివ్రాతతో అందులో వ్రాయుదురు. తెలియనిచోట ఖాళీ విడువవలెను గాని, ఊహించి నింపరాదు. తల్లిదండ్రులు సెలవు దినములలో తమ పిల్లలను పెద్దల యొద్ద కూర్చుండబెట్టి, ఈ పనికి తోడ్పడవలెనని కోరుచున్నాము.